ఎక్స్ విలువ 34 సరైనదే అయినా జవాబు ఎందుకు తప్పయింది?

రెండు సంపూరక కోణాలు (3ఎక్స్ + 15), (2ఎక్స్ − 5) డిగ్రీలైతే వాటి కొలతలు కనుగొనమన్న లెక్కకు మీ అమ్మాయి 34 అని రాస్తే తప్పు పెట్టారని, లెక్కలో మాత్రం తప్పేమీ కనబడటం లేదని మీరు అడిగారు. తాడిపత్రిలో ఏడు, ఎనిమిది తరగతుల పిల్లలకు ట్యూషన్ చెబుతుంటాను కనుక ఈ చిక్కు నాకు బాగా తెలిసినదే. మీ అమ్మాయి సమీకరణాన్ని సరిగ్గానే సాధించింది. అడిగినదాన్ని మాత్రం ఇంకా చెప్పలేదు.

కొలతల మొత్తం 180 డిగ్రీలయ్యే రెండు కోణాలు సంపూరక కోణాలు. అందువల్ల మొదట (3ఎక్స్ + 15) + (2ఎక్స్ − 5) = 180 అని బ్రాకెట్లతో సహా రాయాలి. సజాతి పదాలను కలిపితే 5ఎక్స్ + 10 = 180, ఆ పైన 5ఎక్స్ = 170, ఎక్స్ = 34 వస్తాయి. ఈ 34 కోణాల్లో ఏదీ కాదు. దాన్ని రెండు రాశుల్లోనూ ప్రతిక్షేపించినప్పుడే 117 డిగ్రీలు, 63 డిగ్రీలు అనే కొలతలు దొరుకుతాయి. మొదటి కోణం తెలియగానే దాన్ని 180 లోంచి తీసేసి రెండోది రాసేయడం పిల్లలకు అలవాటు, కానీ నేను దానికి ఒప్పుకోను. అలా తీసేస్తే మొత్తం ఎప్పుడూ 180 వచ్చి తీరుతుంది కాబట్టి ఎక్స్ తప్పయినా బయటపడదు. రెండో కోణాన్ని దాని రాశి నుంచే కట్టి, ఆ తర్వాత కూడి చూడాలి.

180 ఎక్కడి నుంచి వచ్చిందో పాపకు చూపించాలంటే నాపరాయి బండ ఒక్కటి చాలు. గోడ ఏటవాలుగా ఉన్నచోట బేల్దారి బండ అంచు మీద మూలమట్టం పెట్టకుండా, గోడ వాలును బట్టి ఐమూలగా గీత గీసి కోస్తాడు. కోతకు ఒక పక్క ముక్క మూల 70 డిగ్రీలుంటే, అదే అంచు మీద రెండో పక్క ముక్క మూల 110 డిగ్రీలే అయి తీరాలి, ఎందుకంటే కోయకముందు ఆ రెండూ కలిసి ఒకే తిన్నని అంచు. ఆ ముక్కలను విడదీసి వేర్వేరు గదుల్లో పరిచినా ఆ రెండు మూలలు సంపూరకాలే. పక్కపక్కన ఉండవు కనుక రేఖీయ ద్వయం (ఒకే తిన్నని గీత మీద ఒకదాన్నొకటి ఆనుకుని ఉండే కోణాల జత) మాత్రం కావు. పరీక్షల్లో ఈ తేడాను తరచుగా అడుగుతారు.

మాటల్లో ఇచ్చిన లెక్కలు ఇంకొంచెం ఇబ్బంది పెడతాయి. 'ఒక కోణం దాని సంపూరక కోణానికి రెట్టింపు కంటే 24 డిగ్రీలు తక్కువ' అన్నప్పుడు, సంపూరక కోణాన్ని ఎక్స్ అనుకుంటే అడిగిన కోణం 2ఎక్స్ − 24 అవుతుంది; 24 − 2ఎక్స్ కాదు. రెండింటినీ కూడితే 3ఎక్స్ = 204, ఎక్స్ = 68. కోణాలు 68, 112. తేడా మాత్రమే ఇచ్చినప్పుడు సమీకరణం కూడా అక్కరలేదు: తేడా 30 అయితే 90కి అందులో సగం కలిపి 105, సగం తీసి 75. నిష్పత్తి 4:5 అంటే 180ని తొమ్మిది భాగాలు చేస్తే 80, 100 వస్తాయి.

పటం ఇచ్చిన లెక్కల్లో మాత్రం 180 అని రాసేముందు ఆ కోణాలు ఎక్కడున్నాయో చూడమనండి. రెండు రేఖలు ఖండించుకున్నచోట ఎదురెదురుగా ఉన్నవి శీర్షాభిముఖ కోణాలు, అవి సమానం. మీ లెక్కలోని రాశులనే పొరపాటున సమానం చేస్తే 3ఎక్స్ + 15 = 2ఎక్స్ − 5 అయి ఎక్స్ = −20, కోణం −45 డిగ్రీలు వస్తాయి. అలాంటి కోణం పటంలో ఉండదు కాబట్టి తప్పు కూడికలోనో తీసివేతలోనో వెతక్కుండా, మొదట రాసిన సమీకరణంలోనే వెతకాలి.