పిలుపు రాని నెలల గురించి మేనకోడలికి

చి. మేనకోడలికి,

మావయ్య ఆశీస్సులు. టీవీ సీరియల్లో నీ మొదటి వేషం పూర్తయి ఎనిమిది నెలలైనా మరో పిలుపు రాలేదని రాశావు. నలభై ఏళ్లుగా లండన్‌లో చిన్నాచితకా వేషాలతో నెట్టుకొచ్చిన నా దగ్గర తారాపథానికి దారులేవీ లేవు గాని, ఖాళీ నెలలను ఎలా వాడుకోవాలో మాత్రం బాగా తెలుసు.

బ్రిటిష్ నటుడు డేనియల్ కలూయా ప్రయాణాన్ని ఒకసారి తేదీలతో సహా చూడు. ఉగాండా నుంచి వచ్చిన తల్లి పెంపకంలో, లండన్‌లోని క్యామ్డెన్ ప్రాంతంలో, స్థానిక ప్రభుత్వం అద్దెకిచ్చే కౌన్సిల్ ఇళ్లలో పెరిగిన ఆ కుర్రవాడు 2007లో ‘స్కిన్స్’ ధారావాహికలో చిన్న పాత్ర వేస్తూనే, దాని రచయితల బృందంలోనూ పనిచేశాడు. 2010లో రాయల్ కోర్ట్ నాటకశాలలో బాక్సర్ పాత్ర ధరించాడు. మరుసటి ఏడాది ‘బ్లాక్ మిర్రర్’ టీవీ ధారావాహికలో ఒక్క కథలో నటించాడు, అమెరికా దర్శకుడు జోర్డన్ పీల్ దృష్టిలో అతను పడింది ఆ కథతోనే. వాళ్లిద్దరూ కలిసి చేసిన ‘గెట్ అవుట్’ సినిమా 2017లో విడుదలైంది. బ్రిటన్ సినీ పురస్కారాలిచ్చే బాఫ్టా వారి ‘రైజింగ్ స్టార్’ బహుమతి 2018లో వచ్చింది, అంటే ‘స్కిన్స్’ తర్వాత పదకొండేళ్లకు అతన్ని ‘ఎదుగుతున్న నటుడు’ అన్నారన్నమాట! ఆస్కార్ 2021లో అందుకున్నాడు.

కాబట్టి ఈ రోజు నువ్వు చేసే పని ఎవరి కంట, ఎన్నేళ్లకు పడుతుందో లెక్కకట్టకు. ఎవరు ఎప్పుడు చూసినా తలదించుకోనక్కరలేకుండా చెయ్యి. నాటకంలో రెండు పంక్తుల వేషమైనా వదులుకోవద్దు, ఎందుకంటే పాత్రల ఎంపిక చూసేవారు చిన్న నాటకశాలలకు కూడా వచ్చి కూర్చుంటారు. ఎవరూ వేషం ఇవ్వకపోతే కలూయాలాగే కలం పట్టు.

ఇక సెల్ఫ్ టేపుల సంగతి, అంటే వేషం కోసం మనమే ఇంట్లో తీసి పంపే నటన వీడియోల సంగతి. నువ్వు పంపినది చూశాను. నటన బాగుంది, కాని వెనకనున్న పుస్తకాల అర నీకంటే ఎక్కువ నటిస్తోంది. సాదా గోడ ముందు నిలబడి, వెలుతురు ముఖం మీద పడేట్టు చూసుకొని, చూపును కెమెరా కంటికి కాస్త పక్కన నిలుపు. ఎదుటి పాత్ర మాటలు చదివే మనిషి గొంతు నీ గొంతును మించకూడదు. పాత్రల ఎంపిక చూసేవారు నటులను వెతికే స్పాట్‌లైట్ జాబితాలో నీ ఫోటో ఇప్పటి నీ ముఖంలా ఉండాలి. రెండేళ్ల కిందటి జుట్టుతో ఉన్నదాన్ని తీసెయ్యి.

వేషాలు చూసిపెట్టే ఏజెంటు దొరికితే, నీకు వచ్చిన పారితోషికంలోంచి సాధారణంగా 10 నుంచి 15 శాతం తీసుకుంటాడు. చేర్చుకోవడానికే ముందుగా డబ్బు అడిగేవాడి గుమ్మం తొక్కకు. నా తొలి ఏడాదిలో ఒకడు ఫోటోల పేరు చెప్పి రెండు వారాల జీతం పట్టుకుపోయాడు; మీ అమ్మకు ఇప్పటికీ ఆ సంగతి చెప్పలేదు. ఒప్పందం ఏదైనా సంతకానికి ముందు మన నటుల యూనియన్ అయిన ఈక్విటీ సంఘం వారికి చూపించు. సభ్యత్వ రుసుము అందుకే కడుతున్నాం.

ఆదివారం భోజనానికి వచ్చేటప్పుడు టేపు కోసం ఏవైనా రెండు సన్నివేశాలు తెచ్చుకో. ఎదుటి పాత్ర మాటలు నేను చదువుతాను, గొంతు తగ్గించే.

ఇట్లు,
మీ మావయ్య