లారీ ఓనరు రెండు లక్షలిస్తానంటున్నాడు, అక్కని సంతకం పెట్టమంటారా?

ప్రశ్న: లాయర్ గారూ నమస్తే. మాది ఖమ్మం. మా బావ తాపీ మేస్త్రీ, 34 ఏళ్ళు. పోయిన నెల సూర్యాపేట దగ్గర హైవే మీద బైక్‌పై వస్తుంటే వెనకనుంచి లారీ గుద్దింది, అక్కడికక్కడే పోయాడు. హెల్మెట్ లేదు. అక్కకి ఇద్దరు చిన్నపిల్లలు, బావ వాళ్ళమ్మ కూడా అక్క దగ్గరే ఉంటుంది. లారీ ఓనరు పెద్దమనుషుల్ని పంపి రెండు లక్షలిస్తాం, బాండు పేపర్ మీద రాసివ్వండి, కోర్టుకెళ్తే పదేళ్ళు పడుద్ది అంటున్నాడు. ఏం చెయ్యమంటారు?

జవాబు: తమ్ముడూ, ముందు ఆ పేపర్ మీద అక్క చేత సంతకం పెట్టించకు. లారీకి ఇన్సూరెన్స్ ఉంటే డబ్బు కట్టేది ఓనరు కాదు, కంపెనీ. మరి ఆయనకెందుకంత తొందరంటే డ్రైవర్ మీద క్రిమినల్ కేసు ఉంది కదా, రాజీ అయిపోతే చూసినవాళ్ళు మాట మారుస్తారు, కేసు నీరుగారిపోద్ది, రేపు మీరు పరిహారం కోసం వెళ్తే ఇన్సూరెన్స్ లాయర్ ఆ కాగితాలే తీసి చూపిస్తాడు.

ఎంతొస్తుందో లెక్క చెప్తా, సుప్రీం కోర్టు 2009లో సరళా వర్మ కేసులో, 2017లో ప్రణయ్ సేథీ కేసులో పెట్టిన లెక్కే ఇది. మేస్త్రీ పనికి జీతం స్లిప్ ఉండదు కాబట్టి కోర్టే ఒక అంకె వేసుకుంటుంది, నెలకి 15,000 అనుకుందాం. 40 ఏళ్ళ లోపు, సొంత పని కాబట్టి ముందుముందు పెరిగే సంపాదన కింద 40 శాతం కలుపుతారు, 21,000 అయింది. ఏడాదికి 2,52,000. ఆయన మీద ఆధారపడ్డవాళ్ళు నలుగురు కాబట్టి సొంత ఖర్చుల కింద నాలుగో వంతు తీసేస్తే 1,89,000. 31 నుంచి 35 ఏళ్ళ వాళ్ళకి దాన్ని 16తో గుణించాలి, 30,24,000 వచ్చింది. దీనిమీద అంత్యక్రియల ఖర్చు, భర్తని, తండ్రిని, కొడుకుని కోల్పోయినందుకు ఒక్కొక్కరికీ విడిగా కొంత, పిటిషన్ వేసిన రోజునుంచి వడ్డీ. పైసాతో సహా ఇంతే ఇస్తారని నేననను, ఆ 15,000 దగ్గరే వాళ్ళు బేరం పెడతారు, అందుకే బావతో పని చేయించుకున్న కాంట్రాక్టర్‌ని సాక్షిగా తెచ్చుకో, ఫోన్‌పేలో కూలి పడ్డ స్టేట్‌మెంట్లుంటే ఇంకా మంచిది. ఇప్పుడు ఆ రెండు లక్షలు దీని పక్కన పెట్టి చూడు.

హెల్మెట్ సంగతి వాళ్ళు తప్పకుండా ఎత్తుతారు. వెనకనుంచి లారీ గుద్దడానికి హెల్మెట్‌కి సంబంధమేంటి? కోర్టు కొంత కోత పెడితే పెట్టొచ్చు, అంతేగానీ కేసే కొట్టెయ్యదు.

ఇక టైమ్. 2022 ఏప్రిల్ 1 నుంచి యాక్సిడెంట్ అయిన ఆరు నెలల్లో పిటిషన్ వెయ్యాలని రూల్ వచ్చింది. ఆ గడువు చెల్లదని సుప్రీం కోర్టు దాకా వెళ్ళినవాళ్ళున్నారు గానీ మనకెందుకా రిస్క్, కర్మకాండలు అయ్యాయి కదా, ఈ నెలలోనే వేసెయ్యండి. సూర్యాపేట తిరగక్కర్లేదు, మీరుండే ఖమ్మంలోనే వేసుకోవచ్చు. ఎఫ్ఐఆర్, పంచనామా, పోస్ట్‌మార్టం రిపోర్టు, బండ్లని తనిఖీ చేసే మోటారు వాహనాల ఇన్‌స్పెక్టర్ (ఎంవీఐ) రిపోర్టు, చార్జిషీటు వచ్చాక అదీ, బావ ఆధార్, ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ తీసిపెట్టుకో. డ్రైవర్‌కి లైసెన్స్ లేదని తేలినా బెంగపడకు, చాలా కేసుల్లో కంపెనీని ముందు మీకు కట్టమని, తర్వాత ఓనరు దగ్గర వసూలు చేసుకోమని కోర్టే చెప్తుంది.

లాయర్ ఫీజుకి డబ్బుల్లేవంటే జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయ సేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. ఆడవాళ్ళకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు. ఆస్పత్రి మార్చురీ దగ్గరే పట్టుకుని వచ్చినదాంట్లో సగం మాకు అనే బ్రోకర్లకి మాత్రం ఖాళీ కాగితాల మీద సంతకాలు పెట్టొద్దు (మా వృత్తిలోనూ అలాంటివాళ్ళున్నారు, ఏం చేస్తాం). పిల్లల వాటా వాళ్ళకి 18 నిండేదాకా సాధారణంగా బ్యాంకులో ఫిక్స్‌డ్ వేయిస్తారు, అది అక్కకి ముందే చెప్పు.

ప్రశ్న: మా నాన్నగారు పొద్దున వాకింగ్‌కెళ్తే ఏదో కారు గుద్దేసి వెళ్ళిపోయింది, నంబర్ ఎవరూ చూళ్ళేదు. మాకేమీ రాదా మేడమ్? (కర్నూలు)

జవాబు: వస్తుందమ్మా. గుద్ది పారిపోయిన కేసుల్లో మనిషి చనిపోతే 2 లక్షలు, గట్టి దెబ్బలైతే 50,000 ఇచ్చే స్కీమ్ 2022 నుంచి ఉంది. అంతకుముందు 25,000 చేతిలో పెట్టేవాళ్ళు, ఇది కూడా ఎక్కువేం కాదనుకోండి. అప్లికేషన్ ఆర్డీవో ఆఫీసులోగానీ తహసీల్దార్ దగ్గరగానీ, మంజూరు చేసేది కలెక్టర్. ఈలోగా ఆ దారిలో టోల్ గేట్, పెట్రోల్ బంకు కెమెరాలు చూడమని స్టేషన్లో అడుగుతూనే ఉండండి, ఫుటేజ్ చెరిగిపోయాక చేసేదేం లేదు. కారు దొరికితే మామూలు పిటిషనే వెయ్యొచ్చు, ఈ 2 లక్షలు అందులోంచి తిరిగి కట్టాలి.

ప్రశ్న: మా అబ్బాయి బండి స్కిడ్ అయి పోయాడండీ. వేరే బండి ఏం లేదు. (నిజామాబాద్)

జవాబు: అమ్మా, ఎవరి మీదా కేసు వెయ్యడానికి లేదు గానీ బండి ఇన్సూరెన్స్ పేపర్ తీసి చూడండి, ఓనర్ డ్రైవర్ పీఏ కవర్ (బండి నడిపే ఓనరుకే ప్రమాద బీమా) అని ఒక లైనుంటుంది, దానికి ప్రీమియం కట్టుంటే 15 లక్షలు. బండి అబ్బాయి పేరు మీదే ఉండాలి, లైసెన్స్ ఉండాలి. బ్యాంకు ఖాతాలోంచి ఏడాదికోసారి 20 రూపాయలు కట్ అయ్యేదేమో కూడా పాస్‌బుక్‌లో చూడండి, అది ప్రధానమంత్రి సురక్షా బీమా అయితే ఇంకో 2 లక్షలు వస్తాయి, బ్యాంకులో వెంటనే చెప్పండి.