గ్రీకు సినిమాలు చూసి రచయిత్రి అవుతానంటోంది

ప్రశ్న: మా అమ్మాయి బీకాం చివరి సంవత్సరం చదువుతోంది. గ్రీకు సినిమాలు చూసి స్క్రీన్‌ప్లే రచయిత్రి అవుతానని, ఏథెన్స్ వెళ్ళి చదువుతానని పట్టుబట్టింది. మాకు టెన్షన్‌గా ఉంది. ఇందులో బతుకుతెరువు ఉంటుందా? – ఒక తండ్రి, గుంటూరు

జవాబు: అమ్మాయి గ్రీసు పేరెత్తింది కాబట్టి, అక్కడి రచయిత పెట్రోస్ మార్కారిస్ గురించి ఇద్దరూ కలిసి చదవండి. 1937లో ఇస్తాంబుల్‌లో పుట్టారు. చదివింది ఎకనామిక్స్. ఏథెన్స్‌లో స్థిరపడ్డాక సిమెంటు కంపెనీలో ఉద్యోగం చేస్తూ నాటకాలు రాశారు. దర్శకుడు థియో ఆంజెలోపులోస్ 1972లో తీసిన ‘డేస్ ఆఫ్ 36’ రచనలో పాలుపంచుకున్నారు. 1998లో కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి పామ్ డోర్ గెలిచిన ‘ఎటర్నిటీ అండ్ ఎ డే’ రచయితల్లోనూ ఆయన ఉన్నారు. అంత పెద్ద దర్శకుడితో పనిచేస్తూ కూడా టీవీని చిన్నచూపు చూడలేదు. 1989లో అక్కడ ప్రైవేటు ఛానళ్ళు మొదలయ్యాక ‘అనాటమీ ఆఫ్ ఎ క్రైమ్’ అనే క్రైమ్ సీరియల్ రాశారు. అది రాస్తున్న రోజుల్లోనే హారితోస్ అనే పోలీసు అధికారి పాత్ర తట్టింది. ఆ పాత్రతో 1995లో తొలి నవల వచ్చింది. బయటి దేశాల్లో ఎక్కువమందికి ఆయన తెలిసింది ఆ నవలలతోనే.

ఇక ఏథెన్స్ చదువు. నా మాట సూటిగా చెబుతాను: వద్దు. గ్రీసు జనాభా కోటికి అటూ ఇటూ, అంటే సినిమాలకు ప్రేక్షకులు తక్కువ. అక్కడ రాయాలంటే, ఆ ఊళ్ళో అత్తాకోడళ్ళు ఏ మాటలతో పోట్లాడుకుంటారో తెలిసుండాలి. మీ అమ్మాయికి అలా తెలిసిన భాష తెలుగు. అంత ఇష్టమైతే నవంబరులో గ్రీసులోని థెస్సలొనీకి నగరంలో జరిగే చిత్రోత్సవానికి ఒకసారి వెళ్ళి రమ్మనండి, డబ్బు దండగ కాదు.

డిగ్రీ పూర్తి చేయనివ్వండి. పుణెలోని ప్రభుత్వ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో స్క్రీన్‌ప్లేకు ప్రత్యేక కోర్సు ఉంది, బీకాం వాళ్ళూ ప్రవేశపరీక్ష రాయొచ్చు. సీటు రాకపోతే అకౌంట్స్ ఉద్యోగం చేస్తూ రాయమనండి. జీతం ఉన్న రచయిత్రి, ఊరికే రాసిపెట్టమనే వాళ్ళకు ధైర్యంగా కుదరదని చెప్పగలదు. హైదరాబాద్‌లో కథా చర్చలకు పిలిచి, టైటిల్ కార్డులో పేరు వేయకుండా పంపేసేవాళ్ళు ఉంటారు. అందుకే అడ్వాన్సు, పేరు ఎక్కడ వేస్తారన్నది ముందే కాగితం మీద ఉండాలి. ముంబైలోని స్క్రీన్‌రైటర్స్ అసోసియేషన్‌లో సభ్యత్వం తీసుకుంటే స్క్రిప్టు రిజిస్టర్ చేసుకోవచ్చు.

ఈలోగా పది పేజీల షార్ట్ ఫిల్మ్ స్క్రిప్టు ఒకటి, చివరి సీను దాకా రాసి మీకు చూపించమనండి. ఐడియాలు చెప్పడం కాదు, పూర్తి స్క్రిప్టు. అది చేతికొచ్చాక మళ్ళీ రాయండి, పుణె సంగతి అప్పుడు మాట్లాడదాం.