నీడ కత్తులకు బలహీనత ఎక్కడ పెట్టాలి?

కోనసీమలో జరిగే ఫాంటసీ కథ రాస్తున్నారు, అందులో నీడలోంచి దూసే మాయ కత్తులున్నాయి, వాటికి నమ్మదగ్గ హద్దులేం పెట్టాలని అడిగారు. మంత్రాల్లో వెతక్కండి, సూర్యుణ్ణే వాడుకోండి.

అమలాపురం దాదాపు 16.5 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉంది. అందుకే ఏడాదికి రెండుసార్లు, మే మొదటి వారంలోనూ ఆగస్టు మొదటి వారంలోనూ, మిట్టమధ్యాహ్నం సూర్యుడు సరిగ్గా నడినెత్తికి వస్తాడు, నిటారుగా పాతిన గెడకర్రకు పక్కన నీడే పడదు. శత్రువు దండెత్తాల్సింది ఆ పూటే! ఆ రెండింటి మధ్య రోజుల్లో మధ్యాహ్నం నీడ దక్షిణానికి పడుతుంది, మిగతా ఏడాదంతా ఉత్తరానికి. డిసెంబరు 21న 6 అడుగుల మనిషికి మధ్యాహ్నం కూడా 5 అడుగుల నీడ ఉంటుంది.

పదును సంగతి ఇంకా బాగుంటుంది. సూర్యుడు చుక్క కాదు, అర డిగ్రీ వెడల్పున్న బింబం, కాబట్టి వస్తువు నేలకు దూరమయ్యేకొద్దీ నీడ అంచు చెదిరిపోతుంది. 10 మీటర్ల ఎత్తులో ఉన్న కొబ్బరి మట్ట నీడకు అంచు దాదాపు 9 సెంటీమీటర్ల మేర మసగ్గా ఉంటుంది. అంటే మొద్దు కత్తి. చేనిగట్టు మీది గడ్డిపరక నీడ మాత్రం చిన్నదైనా పదునుగా కోస్తుంది. పొడవు కావాలంటే పదును వదులుకోవాలి, నాకైతే ఈ నియమం చాలా నచ్చింది.

ముసురు పట్టిన రోజు వెలుతురు అన్నివైపులనుంచీ వస్తుంది, అప్పుడు కత్తులుండవు, గోదావరికి వరదొచ్చే రోజుల్లో లంకల్లో వాళ్లకు అదే టెన్షన్. పౌర్ణమి రాత్రి కత్తి దూయొచ్చు, చంద్రబింబం కూడా ఇంచుమించు అర డిగ్రీయే కాబట్టి పదును తగ్గదు.