టెన్త్ అయ్యాక చదువు మానేసి చెస్సే ఆడతాడట

ప్రశ్న: మాది ఖమ్మం. మా అబ్బాయి తొమ్మిదో తరగతి. ఐదేళ్లుగా చెస్ ఆడుతున్నాడు, ఫిడే (అంతర్జాతీయ చెస్ సమాఖ్య) రేటింగ్ 1650. టెన్త్ అవ్వగానే చదువు ఆపేసి పూర్తిగా చెస్‌లోకే వెళ్తానంటున్నాడు. కాదంటే చాలు, గుకేశ్ నాలుగో తరగతితో బడి మానేశాడు, అమెరికా ఆటగాడు బాబీ ఫిషర్ పదహారేళ్లకే మానేశాడు అంటూ ఏ గ్రాండ్‌మాస్టర్ ఎప్పుడు ఏం చేశాడో తేదీలతో సహా అప్పజెబుతాడు. నాకు పావులు ఎలా కదుపుతారో కూడా తెలియదు. వాడితో వాదించలేకపోతున్నాను. ఏం చేయమంటారు?

జవాబు: మీ అబ్బాయి అబద్ధం చెప్పడం లేదండీ. అవన్నీ జరిగినవే. కాకపోతే తనకు కావాల్సిన ముక్క వరకే చెబుతున్నాడు. ఆ వయసులో మనమూ అంతే కదా. మిగతా ముక్క నేను చెబుతాను. వాడిని ఓడించడానికి కాదు, ఇద్దరూ కూర్చుని లెక్క చూసుకోవడానికి.

ఫిషర్ పదహారేళ్లకు బడి మానేసిన మాట నిజం. అయితే అప్పటికే 14 ఏళ్లకు అమెరికా చాంపియన్ అయ్యాడు, 15 ఏళ్లకు చెస్‌లో అత్యున్నత టైటిల్ అయిన గ్రాండ్‌మాస్టర్ అందుకున్నాడు. బడి మానేసింది ఆ తర్వాత. మీవాడు చెప్పేటప్పుడు ఈ వరస తారుమారవుతోంది.

గుకేశ్‌ది వేరే కథ. ఆయన నిజంగానే టైటిల్ రాకముందే, నాలుగో తరగతి తర్వాత రోజూ బడికి వెళ్లడం ఆపేశాడు. 2019 జనవరిలో 12 ఏళ్ల 7 నెలల 17 రోజులకు గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. అతి చిన్న వయసు గ్రాండ్‌మాస్టర్‌గా అప్పట్లో కర్యాకిన్ పేరున ఉన్న ప్రపంచ రికార్డు 17 రోజుల్లో తప్పిపోయింది. 2024 డిసెంబర్ 12న సింగపూర్‌లో, చివరిదైన 14వ గేమ్‌లో అప్పటి చాంపియన్ డింగ్ లిరెన్‌ను ఓడించి 18 ఏళ్లకే ప్రపంచ చాంపియన్ అయ్యాడు. ఇదంతా మీవాడికి కంఠతా వచ్చే ఉంటుంది. కానీ ఆయన తండ్రి ఈఎన్‌టీ డాక్టర్, కొడుకు వెంట టోర్నమెంట్లు తిరగడానికి ప్రాక్టీస్ పక్కన పెట్టారు. తల్లి మైక్రోబయాలజిస్టు, ఆమె సంపాదన మీద ఇల్లు నడిచింది. ఒక దశలో తల్లిదండ్రుల స్నేహితులు డబ్బు సాయం చేశారు. ఈ కథలో మీవాడు చూసేది గుకేశ్‌ని. మీరు చూడాల్సింది ఆయన తండ్రి రజనీకాంత్ గారిని. అంత పని మీరు చేయగలరా, మీ ఇంట్లో రెండో జీతం ఉందా అన్నది నన్ను కాదు, మీ ఆవిడను అడగండి.

ఇక మన వాళ్లు. గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2002లో గ్రాండ్‌మాస్టర్ అయినప్పుడు వయసు 15 ఏళ్ల 1 నెల 27 రోజులు. అతి చిన్న వయసులో గ్రాండ్‌మాస్టర్ అయిన మహిళగా జూడిత్ పోల్గార్ పేరున ఉన్న రికార్డు దాంతో పోయింది. గుంటూరు హరికృష్ణకు 2001లో, అదీ 15 ఏళ్లకే వచ్చింది. హన్మకొండ అర్జున్ ఎరిగైసికి 2018లో 15 నిండక ముందే. ఆనంద్ ఒక్కడే 18 ఏళ్ల దాకా ఆగాడు, కానీ అప్పుడు దేశంలో గ్రాండ్‌మాస్టరే లేడు, నేర్పేవాళ్లూ తక్కువే. పైగా ఆయన చెన్నై లయోలా కాలేజీలో బీకాం చదివాడు. ఈ ముక్క మీవాడు చెప్పి ఉండడు!

ఇప్పుడు 1650 సంగతి. గ్రాండ్‌మాస్టర్ టైటిల్‌కు 2500 రేటింగ్ అందుకోవాలి, దాంతోపాటు మూడు నార్మ్‌లు తెచ్చుకోవాలి. నార్మ్ అంటే మామూలుగా తొమ్మిది గేమ్‌ల టోర్నమెంటులో 2600 స్థాయి ఆట చూపించడం, అదీ గ్రాండ్‌మాస్టర్లతోనూ పలు దేశాల వాళ్లతోనూ ఆడి. అందుకే మన పిల్లలు యూరప్ టోర్నమెంట్ల చుట్టూ తిరుగుతుంటారు. ఇంకొకటి, 2024 మార్చిలో ఫిడే 2000 లోపు రేటింగులన్నిటినీ ఒక సూత్రం ప్రకారం పైకి జరిపింది. ఇవాళ్టి 1650 పాత లెక్కలో దాదాపు 1420. కాబట్టి పాత ఆటగాళ్ల చిన్ననాటి రేటింగులతో నేరుగా పోల్చుకోవద్దు.

అలాగని వాడి తొందరలో అర్థం లేకపోలేదు. 18 ఏళ్లు నిండే ఏడాది చివరిదాకా, రేటింగ్ 2300 లోపు ఉన్నన్నాళ్లు, ఒక్కో గేమ్‌కు పాయింట్లు పెద్దవాళ్లకన్నా రెట్టింపు కదులుతాయి. ఎదగడానికి ఇదే మంచి సమయం. ఇంటర్‌లో పొద్దున్నుంచి రాత్రి దాకా స్టడీ అవర్స్ పెట్టే రెసిడెన్షియల్ కాలేజీలో పడేస్తే ఆ సమయం పోయినట్టే. వాడు నిజంగా భయపడుతున్నది దానికేనేమో, అడిగి చూడండి. చాలామంది పిల్లలు ‘చదువు మానేస్తా’ అనేది ‘ఆ కాలేజీకి పంపకండి’ అని చెప్పలేక.

నా సలహా: టెన్త్ మామూలుగా రాయించండి. ఇంటర్ డే స్కాలర్‌గా, సీఈసీ గానీ ఎంఈసీ గానీ, టోర్నమెంట్లకు సెలవిచ్చే చిన్న కాలేజీలో. ఆ రెండేళ్లలో రేటింగ్ 2200 దాకా వెళ్తే అప్పుడు ఓపెన్ స్కూల్ గురించి ఆలోచించవచ్చు. అక్కడికి చేరకపోతే డిగ్రీ దారి తెరిచే ఉంటుంది. 2200 అన్నది నా గీత, మీ కోచ్ అటూఇటూ జరపొచ్చు. గీత మాత్రం ముందే గీసుకోండి, ఓడినప్పుడు కాదు.

డబ్బు గురించి కూడా చెప్పాలి. ప్రైజ్ మనీతోనే ఇల్లు గడిచేది పైనున్న కొద్దిమందికే. మిగతా గ్రాండ్‌మాస్టర్లు కోచింగ్ ఇస్తారు, లీగ్‌లు ఆడతారు, యూట్యూబ్ చానళ్లు నడుపుతారు, ఉద్యోగాలు చేస్తారు. హంపి ఓఎన్‌జీసీ ఉద్యోగి. 2017లో పాప పుట్టింది. చెస్‌కు దాదాపు రెండేళ్లు దూరంగా ఉండి, తిరిగొచ్చి 2019లో మాస్కోలో, మళ్లీ 2024లో న్యూయార్క్‌లో ప్రపంచ ర్యాపిడ్ (తక్కువ సమయంలో ముగిసే చెస్) టైటిల్ గెలిచింది. కేంద్ర ప్రభుత్వ స్పోర్ట్స్ కోటా జాబితాలో చెస్ ఉంది. అమెరికాలో టెక్సస్ యూనివర్సిటీ డాలస్ క్యాంపస్ వంటివి చెస్ ఆటగాళ్లకు స్కాలర్‌షిప్ ఇస్తాయి. వీటన్నిటికీ చేతిలో ఒక సర్టిఫికెట్ కావాలి మరి.

మీవాడికి కథలే ఇష్టమైతే ఇంకో రెండు ఇవ్వండి. మాక్స్ ఊవె ఆమ్‌స్టర్‌డామ్‌లో లెక్కల మాస్టారు, 1935లో అప్పటి చాంపియన్ అలేఖిన్‌ను ఓడించి ప్రపంచ చాంపియన్ అయ్యాడు. కెన్నెత్ రోగాఫ్ 1978లో గ్రాండ్‌మాస్టర్ టైటిల్ అందుకుని కూడా ఎకనామిక్స్ వైపు వెళ్లిపోయాడు, తర్వాత ఐఎంఎఫ్ చీఫ్ ఎకనామిస్ట్ అయ్యాడు. ఊవె ఉదాహరణ ఇవాళ పనికిరాదని వాడు అంటే ఒప్పుకోండి. ఎత్తులు లెక్కగట్టి చెప్పే కంప్యూటర్ ఇంజిన్లు వచ్చాక పార్ట్‌టైమ్ చాంపియన్ల కాలం పోయింది.

నాకు వాడి గురించి ఒక్క అనుమానం ఉంది. గ్రాండ్‌మాస్టర్ల తేదీలు అంత బాగా గుర్తున్న పిల్లాడు బోర్డు ముందు ఎంతసేపు కూర్చుంటున్నాడు, వీడియోల ముందు ఎంతసేపు? తిట్టకుండా ఒక పని చేయండి. వాడు ఆఖరుగా ఓడిపోయిన పది గేమ్‌ల స్కోర్ షీట్లు (ఆడిన ఎత్తులు రాసుకునే కాగితాలు) తెమ్మని, ఒక్కో దాంట్లో ఎక్కడ తప్పు చేశాడో మీకు అర్థమయ్యేలా చెప్పమనండి. ఇంజిన్ చూడకుండా. గుకేశ్ కథ చెప్పినంత ఉత్సాహంగా ఇదీ చెబితే, కోచ్‌ను వెంటబెట్టుకుని ముగ్గురూ రండి, ఏడాది టోర్నమెంట్ల ప్లాన్ వేద్దాం. షీట్లు ఎక్కడున్నాయో వెతుక్కోవాల్సి వస్తే, మీరూ మీవాడూ, ఇద్దరే రండి.