తాతగారి పేరు పెంటయ్య అయితే మనవడి పేరులో ఉండవచ్చా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది. చెన్నైలో ఉంటున్న మీకు బాబు పుట్టాడు. మీ తాతగారి పేరు పెంటయ్య. బాబు పేరులో అది ఎక్కడో ఒకచోట ఉండాలని మీ నాన్నగారి పట్టు. బడిలో పిల్లలు నవ్వుతారని మీ ఆవిడ భయం. ఇలాంటి పేర్లు మనవాళ్లే పెట్టుకున్నారా, ఇంకెక్కడైనా ఉన్నాయా అని కూడా అడిగారు.

నేను కుప్పయ్యగారి అబ్బాయిని. ఈ విషయంలో నాకు కొంత అనుభవం ఉంది.

మేమూ చెన్నైలోనే, తండయార్‌పేటలో పెరిగాం. నాన్న జార్జిటౌన్‌లో ఒక బియ్యం మండీలో లెక్కలు రాసేవారు. తమిళంలో కుప్పై అంటే చెత్త. హాజరు పట్టీలో నాన్న పేరు చదివినప్పుడల్లా తరగతిలో కిసుక్కుమనేవాళ్లు. తెలుగులో కుప్ప అంటే ధాన్యం కుప్ప అని నేను దబాయించేవాణ్ణి. నాన్న పనిచేసేది బియ్యం మండీ కాబట్టి నమ్మేవాళ్లు కూడా. నిజానికి అది ఏ కుప్పో నాకూ తెలియదు.

అది పెంటకుప్ప అని చెప్పింది మా నాయనమ్మ. నాన్నకు ముందు ముగ్గురు పుట్టి పోయారు. నాలుగో కాన్పులో నాన్న పుట్టగానే మంత్రసాని బిడ్డను చేటలో పడుకోబెట్టి, పెరట్లో పెంటకుప్ప మీద ఉంచి వచ్చిందట. పొరుగింటావిడ ఏమీ తెలియనట్టు వెళ్లి, "ఎవరో బిడ్డను పారేసుకున్నారమ్మా, మీకేమైనా కావాలా?" అంటూ తెచ్చిందట. నాయనమ్మ దోసెడు తవుడు ఇచ్చి కొనుక్కుంది. ఎవరికీ అక్కరలేని బిడ్డను మృత్యువు మాత్రం ఏం చేసుకుంటుందని వాళ్ల లెక్క. ఇల్లంతా కలిసి ఆడిన నాటకం అది. పేరు ఆ నాటకానికి కొనసాగింపు, జీవితాంతం.

పెంటయ్య కూడా అదే కోవ. పుల్లయ్య అంటే పుల్లాకుల మీద, అంటే తిని పారేసిన విస్తళ్ల మీద పొర్లించిన బిడ్డ. పిచ్చయ్యను చూసి పిచ్చి అనుకుని నవ్వుతారు గాని, అందులో ఉన్నది భిక్ష. తమిళంలో పిచ్చై అంటే బిచ్చమే. మన పత్రికలు సుందర్ పిచాయ్ అని రాసే పేరులో ఉన్నది ఆ మాటే. చెన్నైలో పెరిగి గూగుల్‌కు అధిపతి అయ్యాక ఆ పేరు చూసి ఎవరూ నవ్వడం లేదు.

ఇక మనవాళ్లే పెట్టుకున్నారా అంటే, కాదు. మహారాష్ట్రలో దగ్డూ, ధోండూ అనే పేర్లున్నాయి, రెండింటికీ రాయి అనే అర్థం. బెంగాల్లో తీన్‌కడి, పాంచ్‌కడి అంటే మూడు గవ్వలకో అయిదు గవ్వలకో కొన్న బిడ్డ. మా నాయనమ్మ తవుడు బేరమే అక్కడ గవ్వల్లో జరిగింది. చైనా పల్లెల్లో గౌషెంగ్ అనే ముద్దుపేరుకు కుక్క తినగా మిగిలింది అని అర్థం. మంగోలులు నెర్‌గూయ్ అని పెడతారు, పేరు లేదు అని. ఎనెబిష్ అని కూడా పెడతారు. అంటే "ఇది కాదు". వచ్చిన దెయ్యానికి తప్పుడు చిరునామా చెప్పడమన్నమాట. తూర్పు ఐరోపా యూదులు బిడ్డకు ఆల్టర్, అంటే ముసలివాడు అని పేరు పెట్టేవారు. పసికందు కోసం వచ్చిన మృత్యుదూత ఆ పేరు విని తికమక పడాలని.

నన్ను ఎక్కువగా పట్టుకున్నది నైజీరియాలోని యోరుబాల పేరు, కొసోకో. పార లేదు అని అర్థం. గొయ్యి తవ్వడానికి మా దగ్గర పార లేదు, కాబట్టి నువ్వు చావడానికి వీల్లేదు అని బిడ్డతో చెప్పడం. ఆ పేరుతోనే ఒకాయన 1845 నుంచి 1851 దాకా లాగోస్‌కు రాజుగా ఉన్నాడు.

మన దేశంలో 20వ శతాబ్దం మొదట్లో పుట్టిన ప్రతి వెయ్యిమందిలో 200 మంది దాకా ఏడాది నిండకుండానే పోయేవారు. 2020లో ఆ సంఖ్య 28. పెంటయ్యలు అరుదైపోవడంలో టీకాలకూ ఆసుపత్రి కాన్పులకూ వాటా ఉందని నా నమ్మకం.

అయితే వినడానికి మోటుగా ఉన్న ప్రతి పేరులోనూ ప్రేమ ఉందని అనను. తమిళనాడులో వరసగా ఆడపిల్లలు పుట్టిన ఇళ్లలో వేండాం, అంటే వద్దు, అని పేరు పెట్టిన సందర్భాలున్నాయి. మహారాష్ట్రలో నకూసా అన్నా అక్కరలేనిది అనే. 2011లో సతారా జిల్లాలో అలాంటి 285 మంది ఆడపిల్లలకు కొత్త పేర్లు పెట్టారు. మంచిపని చేశారు. పెంటయ్యను కావాలనుకున్నారు కాబట్టే అక్కరలేదని అబద్ధమాడారు. నకూసా విషయంలో అబద్ధం ఏమీ లేదు.

ఎక్కడ పెట్టాలన్నది మరీ కష్టం కాదు. చెన్నైలో పేరు ముందు అక్షరం అనగానే తండ్రి పేరు అనుకుంటారు. ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యంగారి ముందున్న రెండక్షరాలు శ్రీపతి పండితారాధ్యుల అనే ఇంటిపేరని చెబితే మా తమిళ మిత్రులు ఇప్పటికీ ఆశ్చర్యపోతారు. ఆ మాటకొస్తే ఈ ఊరి పేరులో ఉన్నదీ ఒక తెలుగు తండ్రే. 1639లో ఆంగ్లేయులకు ఈ స్థలం ఇచ్చిన దామెర్ల సోదరుల తండ్రి చెన్నప్ప పేరు మీదే చెన్నపట్నం అయిందంటారు. మీరు మాత్రం ఇంటిపేరో తండ్రి పేరో ఒక పద్ధతి తేల్చుకుని, జనన ధ్రువపత్రం నుంచి పాస్‌పోర్టు దాకా అదే రాయండి. మా అన్నయ్య నెల్లూరులో చదివాడు, పేరు ముందు ఇంటిపేరు ఉంది. నాకు ఇక్కడి బడిలో "కె." తగిలించారు. ఊళ్లో పొలం అమ్మేటప్పుడు మేమిద్దరం ఒకే తండ్రి బిడ్డలమని ప్రమాణపత్రం రాసివ్వాల్సి వచ్చింది. పిలిచే పేరు మీ ఇష్టం వచ్చినది పెట్టుకుని, పెంటయ్యను రెండో పేరుగా ఉంచండి. మా అబ్బాయికి నేను చేసింది అదే.

దానికి ముందు ఒక పని చేయండి. మీ తాతగారి కంటే ముందు ఎంతమంది పుట్టారో, వాళ్లకు పేర్లున్నాయో లేదో మీ నాన్నగారిని అడిగి రాసిపెట్టుకోండి. మా ఇంట్లో పోయిన ముగ్గురిలో ఇద్దరికి పేరు పెట్టే వ్యవధే దొరకలేదు. మూడోవాడికి ఘనంగా బారసాల చేసి రాజారావు అని పెట్టారు. అయిదు నెలలు బతికాడు. ఆ తరవాత పుట్టిన కుప్పయ్య 84 ఏళ్లు ఉన్నారు.