వైట్‌లిస్ట్ పెట్టినా తెలియనివాళ్లు లోపలే ఉంటే (మైన్‌క్రాఫ్ట్ జావా)

తమ్ముడూ, తిరుపతిలో ఇంటి పీసీ మీద మైన్‌క్రాఫ్ట్ గేమ్ సర్వర్ పెట్టి చిత్తూరు ఫ్రెండ్స్‌తో ఆడుకుంటుంటే ఎవడో ముక్కూమొహం తెలియనివాడు దూరి, మీరు కట్టిన ఇళ్లన్నీ పగలగొట్టాడని, వైట్‌లిస్ట్ (లోపలికి రానివ్వాల్సినవాళ్ల పేర్ల జాబితా) ఆన్ చేసినా ఇంకా లోపలే తిరుగుతున్నాడని రాశావు కదా. వైట్‌లిస్ట్ ఒక్కటే అయితే కొత్తగా వచ్చేవాళ్లనే ఆపుతుంది, అప్పటికే లోపలున్నవాణ్ణి గెంటదు. సర్వర్ ఫోల్డర్‌లో సర్వర్ డాట్ ప్రాపర్టీస్ ఫైల్ తెరిచి, ముందు వైట్-లిస్ట్ ట్రూ అని ఉందో లేదో చూసుకుని, ఎన్‌ఫోర్స్-వైట్‌లిస్ట్ దగ్గర కూడా ట్రూ పెట్టి సేవ్ చేసి, సర్వర్ రీస్టార్ట్ చెయ్యి.

అదే ఫైల్లో ఉన్న ఆన్‌లైన్-మోడ్ జోలికి మాత్రం వెళ్లొద్దు, ట్రూగానే ఉండాలి. ఫాల్స్ పెడితే అకౌంట్ చెకింగే ఉండదు, ఎవడైనా నీ పేరు పెట్టుకుని నీ హక్కులతో వచ్చేస్తాడు.

ఇంకోటి, అందరికీ ఆపరేటర్ (సర్వర్‌ని నడిపే కమాండ్లు వాడే హక్కు) ఇచ్చేశానన్నావు. అసలు టెన్షన్ అక్కడే ఉంది. కన్సోల్‌లో (సర్వర్‌కి కమాండ్లు కొట్టే విండోలో) డీఆప్ (deop) అని కొట్టి, పక్కన ఒక్కొక్కరి పేరు ఇచ్చి తీసెయ్. నువ్వు లేనప్పుడు చూసుకోవడానికి బాగా నమ్మకమైనవాళ్లు ఒకరుంటే వాళ్లని మాత్రం తీసెయ్యకుండా, సర్వర్ ఆపి, ఓప్స్ డాట్ జేసన్ ఫైల్లో వాళ్ల లెవెల్ 4 బదులు 3 చెయ్యి. కిక్, బ్యాన్ చెయ్యగలరు, సర్వర్ మాత్రం ఆపలేరు.